గది నిశ్శబ్దం

సల్మాబాద్ వలస కూలీల క్యాంపు గదిలో గ్రీకు డాక్యుమెంటరీ దర్శకురాలు కటెరీనా కెమెరా బిగించి, "మీ భాషలోనే చెప్పు, భాయ్" అంది హిందీలో.

"ఏం లింబన్నా, హీరోవైతివి!" పై మంచం మీంచి ఎవరో నవ్వారు.

లింబాద్రి నవ్వలేదు.

"మా బామ్మర్ది గుండె ఆగి సచ్చిండు. కాయితంల గట్లనే రాసిన్రు. ఆగక ఏం జేస్తది? మిట్టమధ్యాహ్నం రేకుల మీద పనికి నిలవెట్టిన్రు. నీళ్లడిగితే యల్లా, యల్లా, జల్ది కానియ్ అన్నరు. గిది లోకానికి ఎరుక గావాలె."

అతడు ముగించగానే ఆమె పెదవులపై వేలుంచి, హెడ్‌ఫోన్లు సర్దుకుని తల వంచింది. మాటలయ్యాక గదిలోని నిశ్శబ్దాన్ని కాసేపు విడిగా రికార్డు చేసుకోవడం ఆమె వృత్తిలో నియమం. లింబాద్రికి అది తెలియదు. పోయినవాడి కోసం మౌనం పాటిస్తోందనుకుని లేచి చేతులు జోడించాడు. మంచాల మీదివారూ ఒక్కొక్కరే దిగి నిలబడ్డారు. ఏసీ చప్పుడు తప్ప మరేమీ లేదు.

"మావోని కోసం ఒకలన్న తల వంచిన్రు," అన్నాడు కళ్లు తుడుచుకుంటూ.

ఏథెన్స్‌లో ఛానల్ న్యాయవాదులు రేకుల మాటా నీళ్ల మాటా తీసేయమన్నారు. కటెరీనా ఎదురు తిరిగింది. ముప్పై ఏళ్ల పాత్రికేయ జీవితమూ, దేశదేశాల బహుమతులూ వాళ్ల ఒక్క మాట ముందు నిలవలేదు: రుజువు లేదు.

ఇప్పుడు ఆ చిత్రంలో లింబాద్రి ఒకే వాక్యం చెబుతాడు: "మా బామ్మర్ది గుండె ఆగి సచ్చిండు."

తక్కిన మాటలు కోసిన చోట అతుకు వినబడకుండా, ఆ గది నిశ్శబ్దాన్ని కటెరీనా తన చేతులతోనే పరిచింది. దాన్ని రికార్డు చేసుకునేది అందుకే.