అగ్గుడుము నడక

అగ్గుడుము మనిషిలా నడుస్తోంది. భూమికకు వచ్చిన చిక్కల్లా అదే.

బెంగళూరులో ఆమె పనిచేసే కంపెనీ వీడియో గేములు తయారుచేస్తుంది. కొత్త గేములో లోకమంతా అగ్నిపర్వతాలే. ఆ లావాలో మునిగి తేలుతూ బతికే ఉడుము జాతిని పుట్టించింది భూమికే. అది నిప్పులు తింటుంది. గడ్డకట్టిన లావాను నుదుటితో గుద్ది పగలగొడుతుంది. మండుటెండలో చలికి వణుకుతుంది. పొలుసులు కుదిరాయి, కళ్లు కుదిరాయి. నడక మాత్రం మోకాళ్ల మీద పాకుతున్న జిమ్ ట్రైనర్‌లా ఉంది. ఒంటికి మెరుపు చుక్కలు అంటించుకుని, కెమెరాల ముందు పాకి, ఆ నడకను అరువిచ్చింది నిజంగానే ఒక జిమ్ ట్రైనర్ మరి.

ఈ గోడు ఫోన్లో విని బలసముద్రంలోని కాటమ్మత్త ఒకటే మాట అంది.

“మా ఎర్రప్ప ఉండాడు గదమ్మా. ఆ కెమెరాలు ఎత్తుకోని ఈడికే రా. మంగళారం లోపల రా.”

మంగళవారం సంగతి భూమికకూ తెలుసు. ఎర్రప్ప పుట్టిన మూడో రోజే తల్లి పోయింది. కాటమ్మే సీసాతో పాలు పట్టి పెంచింది. అలాంటివాణ్ని మంగళవారం పంపించెయ్యాలని ఆమె మొగుడు బోరన్న తేల్చేశాడు. పసుపు, పూలదండ, తమటె డప్పులు, చుట్టాలకు భోజనాలు, అన్నీ మాట్లాడేశాడు. ఒకసారి పంపితే ఎర్రప్ప మళ్లీ ఇల్లు చేరడు. కాటమ్మకు వారం నుంచి ముద్ద దిగడం లేదు.

ఎవరు కదిపినా బోరన్న దగ్గర ఒకటే జవాబు. “ఆయమ్మకు మాటిచ్చి రెండేండ్లాయ. ఇంగ తప్పదు.”

“వాన్ని అడిగినావా?” అంది కాటమ్మ.

“ఆ పొద్దు అందరి ముందర అడుగుతారు గదా. ఒప్పుకోకుంటే ఇంటికి తోడుకోనొస్తా. ఇంతవరకు ఎవురన్నా ఒద్దన్న్యారా?”

శుక్రవారం పొద్దున్నే భూమిక నాలుగు కెమెరాలతో దిగింది. సోలార్ పార్కు కంచె పక్కనున్న కాటమ్మ వాళ్ల కళ్లంలో స్టాండ్లు నిలబెట్టింది. మొదటి పూటంతా ప్యానెళ్లతోనే సరిపోయింది. వాటి తళుకులు కూడా ఒంటి మీది చుక్కలే అనుకుని, కంప్యూటరు అగ్గుడుముకు పక్క ఊరు రాయచెర్లు దాకా తోక గీసింది.

కెమెరాలను ఇటు తిప్పాక అసలు తిప్పలు మొదలయ్యాయి. ప్రతి షాటుకు ముందు ఒక నిమిషం కదలకుండా నిలబడాలి. ఏ చుక్క మెడదో, ఏ చుక్క వీపుదో కంప్యూటరుకు అప్పుడే తెలుస్తుంది. ఎర్రప్పకేమో చక్కిలిగింత. భూమిక ఓపిగ్గా యాభై చుక్కలూ అంటించేసరికి ఒక్కసారి ఒళ్లు విదిలించేవాడు. చుక్కలన్నీ శెనిక్కాయల్లా రాలేవి. ఆమె ఏరుకొచ్చి మళ్లీ అంటించేది. అతను మళ్లీ విదిలించేవాడు.

చివరికి భూమిక బెల్లం తెప్పించింది. కదలకపోతే ఒక ముక్క. కదిలితే లేదు. శనివారం సాయంత్రానికల్లా ఎర్రప్ప, ముక్కు మీద ఈగ వాలినా బొమ్మలా నిలబడటం నేర్చేశాడు.

కాటమ్మ గట్టు మీద కూర్చుని అంతా చూస్తోంది.

“ఎవురు నిలబెట్టినా ఇట్లే నిలబడతాడా, భూమీ?”

“బెల్లం వస్తాదనుకుంటే ఎవురు నిలబెట్టినా అంతే, అత్తా.”

“పది మంది ముందర?”

“నూరు మంది ఉన్నీ.”

ఆ పూట కాటమ్మ రెండు ముద్దలు తింది. ఆదివారం నుంచి బెల్లం ఆమె చేతిలోకి వెళ్లిపోయింది. షాటు ఉన్నా లేకున్నా ఎర్రప్పను నిలబెట్టడమే పని. చెవి పక్కన పళ్లెం మోగించి చూసింది. ఇరుగుపొరుగును పిలిచి చుట్టూ నిలబెట్టి చూసింది. ఎర్రప్ప నిలబడే ఉన్నాడు.

నడక మాత్రం ఎవరూ నేర్పలేదు. కాలే నేల మీద నడుస్తున్నట్టు చెయ్యమని చెప్పాల్సిన పని లేదు, మే నెల ఎండ ఆ సంగతి చూసుకుంది. ముందు భారంగా, వెనక తేలిగ్గా, ఎవడికీ దారి ఇవ్వనన్నట్టు నడిచాడు. పోట్లాట షాటుకు భూమికే ఎదురుగా నిలబడి, తనను పగవాడనుకోమంది. ఎర్రప్పకు అనుకునేంత టైము పట్టలేదు. మరుక్షణం భూమిక శెనగకట్టె వామిలో ఉంది. పడినచోటే పడి నవ్వి, లేచి ఒళ్లు దులుపుకుని, ఇంకోసారి అంది.

సోమవారం వీడియో కాల్లో అగ్గుడుమును చూసి కంపెనీ మేనేజరు కుర్చీలోంచి లేచాడు. లావాను పగలగొట్టుకుని, నిప్పులు రాలుస్తూ, అది నేరుగా ఆయన మీదికే వస్తోంది. చప్పట్లు కొట్టాడు. ఈ నటుణ్ని ఎక్కడ పట్టావు, ఇంతకుముందు ఏం చేసేవాడు అని అడిగాడు.

“ఏం చేసేవాడు కాదు సార్. తింటాడు, తిరుగుతాడు.”

గేము చివర్లో అతని పేరు పెద్దక్షరాలతో వేద్దామన్నాడు మేనేజరు. భూమిక ఎగిరి గంతేసి కళ్లంలోకి పరుగెత్తింది. కాటమ్మ ఆ కబురంతా సగం చెవితోనే విన్నది. ఆమె ఎర్రప్ప మెడ నిమురుతూ కూర్చుంది.

“రేపు ఒక్క నిమిషం నిలబడు నాయనా,” అంది. “ఒక్క నిమిషం.”

మంగళవారం మారెమ్మ గుడి ముందు మూడు బిందెల పసుపు నీళ్లు నెత్తిన కుమ్మరించినా ఒప్పుకున్నట్టు ఎర్రప్ప ఒక్కసారైనా ఒళ్లు విదిలించకపోయేసరికి, పూజారి కత్తి కింద పెట్టి, “అమ్మకు ఈ పొట్టేలు ఒద్దంటప్పా బోరన్నా, ఇంటికి తోలుకోని పో,” అన్నాడు.