ఖైదీకి ఏమవుతారు?

"నిన్న మేనత్తనన్నావు. ఇవాళ పెద్దమ్మవా?"

జైలు గేటు దగ్గర ములాఖత్ పుస్తకం రాసే వార్డరు కలం కింద పెట్టాడు.

"వాళ్ళమ్మకి అక్కని, నాన్నకి చెల్లెల్ని. రెండూ అయితే నీకేం నొప్పి?" అంది ముసలామె.

వెనక నిలబడ్డవాళ్ళు కిసుక్కుమన్నారు. వార్డరుకు ఒళ్ళు మండింది. ఉరిశిక్ష పడ్డ ఖైదీని చూడాలంటే రక్తసంబంధం ఉండాలి. పుస్తకంలో ఆ గడి సరిగ్గా నిండితేనే గేటు తెరవాలి.

"వాడికి వెనకా ముందూ ఎవరూ లేరమ్మా. కాయితాల్లో అలాగే ఉంది. ఎవర్ని పడితే వాళ్ళని పంపితే, పగబట్టినోళ్ళు కత్తితో వస్తారు."

"నా చేతిలో కత్తుందా? కాయితం ఉంది."

అది క్షమాభిక్ష అర్జీ. దాని మీద ఖైదీ వేలిముద్ర పడాలి. శుక్రవారంతో గడువు సరి.

"మేమూ ఇచ్చాం అలాంటిది. వద్దన్నాడు. నాకెవరున్నారని బతకాలి అన్నాడు."

"నేనున్నానని చెప్పడానికే వచ్చాను. తియ్యి గేటు."

"అసలెవరివి నువ్వు?"

"చెబితే తీస్తావా?"

"సంబంధాన్ని బట్టి."

"అయితే పెద్దమ్మనే రాసుకో."

శుక్రవారం దాకా ఆమె రోజూ వచ్చింది, రోజూ పోట్లాడింది. "ప్రాణం తీసేటప్పుడు ఎవరి చుట్టరికమూ అడగరు. నిలబెడతానంటే మాత్రం అడుగుతారు!" అని వీధి వీధంతా వినేలా అరిచింది. వార్డరు రూలు రూలే అన్నాడు. మొండిఘటం అని విసుక్కున్నాడు కూడా.

మరుసటి వారం ఉరి అయిపోయింది. శవం కోసం ఎవరూ రాలేదు.

ఆమె వచ్చింది.

ఈసారి వార్డరు ఏమీ అడగలేదు. అతనికి జాలేసింది. శవాన్ని అప్పగించే కాయితం ముందుకు లాక్కుని, సంబంధం గడిలో తనే 'పెద్దమ్మ' అని రాశాడు.

"కొట్టెయ్," అంది ఆమె. "అబద్ధంతో ఇంక నాకు పనిలేదు."

"మరేమని రాయమంటావ్?"

ఆమె కళ్ళు తుడుచుకోలేదు. తలెత్తి, అతని మొహంలోకి సూటిగా చూసి చెప్పింది.

"వాడు చంపింది నా కొడుకుని. అదే రాసుకో."