నాలుగో గుంజ

"మొహానికి కూడా వేసుకున్నావా పెయింటు?" మణిదీప్ పకపకా నవ్వాడు.

నీలిమ చెంప తుడుచుకుంది. పసుపు రంగు చెవి దాకా పాకింది.

పెళ్ళయి రాయ్‌పూర్ వచ్చాక ఆమె నెత్తికెత్తుకున్న మొదటి పని అది.

దేవేంద్ర నగర్‌లో వాళ్ళ కాలనీ పార్కులో పిల్లలు ఆడుకునే చెక్క ఇల్లుంది. నాలుగు గుంజల మీద బుల్లి గది, ఎక్కడానికి నిచ్చెన, దిగడానికి జారుడుబల్ల. వానలు పడేలోగా దానికి నీళ్ళు దిగని రంగు వేస్తానని తనే ముందుకొచ్చింది.

కిటికీకి ఎరుపు. జారుడుబల్లకి నీలం. గుంజలకి నిండు పసుపు.

"అచ్చం పెళ్ళిరాటల్లా ఉన్నాయి కదూ?"

"అయితే ఇంకోసారి తాళి కట్టమంటావా?"

మర్నాడు పొద్దున్నే బాల్కనీలోంచి చూసి నీలిమ కెవ్వుమంది.

మాసిన చీరలో ఒక ముసలావిడ గుంజ మొదట్లో మట్టి తవ్వుతోంది. వేలి ముడుకుతో కర్రని కొట్టి, చెవి ఆనించి వింది. డబ్బాలో గుడ్డ ముంచి, నల్లటిదేదో మొదలంతా పూసింది.

నీలిమ చెప్పుల్లేకుండానే పరిగెత్తింది. అప్పటికే మూడు గుంజల అడుగులు నల్లబడ్డాయి.

"ఏం చేస్తున్నావ్? నిన్ననే వేశాం రంగు!"

ముసలావిడ మొహం వెలిగింది. "తెలుగోళ్ళా అమ్మా? ఇది కాలిన ఇంజనాయిలు. కింద నించి చెద రాకుండా..."

"ముట్టుకోకు నీలిమా!" ఎదురింటి రాజశ్రీ రొప్పుతూ వచ్చింది. "మా బాబు వివేక్‌కి రాత్రి నించి బుఖార్, ఒళ్ళు కాలిపోతోంది. ఇది నాలుగైదు రోజులుగా గేటు బయట నిలబడి పిల్లల్నే చూస్తోంది. టోన్హీ ఇది, సచ్చీ!"

టోన్హీ అంటే మంత్రగత్తె. ఆ మాట నీలిమ ఇక్కడికొచ్చాకే విన్నది.

ఒక అడుగు వెనక్కి వేసింది.

"నాకేం మంత్రాలొచ్చమ్మా! ఇంకొక్కటే మిగిలింది. అది పూసేసి పోతా."

పాడైన పసుపు రంగు చూస్తే నీలిమకి ఏడుపొచ్చింది. "బయటికి పంపించెయ్" అంది హిందీలో, కొత్తగా చేరిన చౌకీదారుతో.

"చలో అమ్మా, నికలో!" అతను చెయ్యి పట్టి లాగాడు. డబ్బా ఒలికిపోయింది.

గేటు దాటేదాకా ముసలావిడ వెనక్కి తిరిగి నాలుగో గుంజనే చూసింది.

వానలు పట్టుకున్నాయి. రంగు చెక్కుచెదరలేదు. ఆ నల్ల మరకలే నీలిమకి రోజూ కంట్లో నలుసులయ్యాయి.

దసరా సెలవుల్లో వివేక్ పైకెక్కి గెంతుతున్నాడు.

ఫట్‌మంది. ఇల్లు ఒక మూలకి ఒరిగింది.

"వివేక్!" రాజశ్రీ కేక కాలనీ అంతా వినిపించింది.

మణిదీప్ ఒక్క ఉదుటున వెళ్ళి పిల్లాణ్ణి దింపేశాడు.

నాలుగో గుంజ మొదట్లో విరిగింది. నీలిమ వేలితో నొక్కింది. పసుపు పొర కింద కర్రే లేదు. మట్టి, చెదలు.

మిగతా మూడూ కదల్లేదు. ఇంటిని మోస్తున్నవి అవే.

రాజశ్రీ కొడుకుని గుండెకి అదుముకుంది. ఆ నల్ల మరకల వంక చూడలేకపోయింది.

"ఆ ముసలామె ఎక్కడుంటుంది?" నీలిమ చౌకీదారుని అడిగింది.

"గుఢియారీలో చూశా మేడమ్, పట్టాల పక్కన."

స్కూటర్ వెనక కూర్చుని నీలిమ దారంతా ఒకటే మాట అంది. "పేరైనా అడగలేదు మనం."

వెతగ్గా వెతగ్గా దొరికిన గదికి తాళం వేసుంది. పక్కింటి తాయారమ్మ గుమ్మంలో కూర్చుని బియ్యం ఏరుతోంది.

"బంగారమ్మా? శ్రావణంలోనే పోయింది తల్లీ. నాలుగోది పూయలేదే, పూయలేదే అని మంచంలో కూడా ఒకటే గోల."

మణిదీప్ అడిగాడు. "మా పార్కంటే ఎందుకండీ ఆవిడకంత ఇది?"

తాయారమ్మ చేట పక్కన పెట్టింది.

"అప్పట్లో మీ కాలనీలో వంటకొస్తూ పిల్లాణ్ణి వెంట తెచ్చుకునేది. ఇప్పుడున్నదానికి ముందు అక్కడ పాత చెక్క ఇల్లొకటి ఉండేదిలే బాబూ, గుంజలు చెదపట్టి అది కూలినప్పుడు, కింద నలిగి పోయింది మా బంగారమ్మ కొడుకే."