స్టెప్పుల మార్కులు

"750 గ్రాముల బీన్స్ తొంభై రూపాయలైతే కిలో ఎంత?"

పెద్దవాళ్ల సాయంత్రపు బడి పరీక్షలో ఈ ప్రశ్నకు, ముప్పై ఏళ్లుగా బండి మీద కూరగాయలు అమ్ముతున్న ఆవిడ ఒక్క ముక్కే రాసింది: 120. మాస్టారు నాలుగు మార్కులకు రెండే వేశారు. సరిగ్గా ఆ రెండు మార్కులు తక్కువై ఆవిడ లెక్కల్లో తప్పింది.

"జవాబు రైటే కదా సార్!"

"గ్రాముల్ని కిలోలుగా మార్చిన స్టెప్పేదమ్మా? స్టెప్పులు లేకపోతే సగం మార్కులే. రూలంటే రూలే."

ఆవిడ పేపరు మడిచి సంచిలో కుక్కుకుంది.

మర్నాడు పొద్దున్నే మాస్టారు ఆవిడ బండి దగ్గర ఆగారు.

"బీన్స్ ఎంతమ్మా?"

"కిలో ఎనభై సార్."

"ముప్పావు కిలో ఇవ్వు."

ఆవిడ తక్కెడ మొగ్గు చూపించి మరీ తూచి, ఆయన సంచిలో పోసింది.

"ఎంతయిందో మీరే చెప్పండి సార్."

"అరవై!" మాస్టారు ఠక్కున చెప్పి, డబ్బు చేతిలో పెట్టారు.

"జవాబు రైటే సార్," అంటూ ఆవిడ అరవై అందుకుని, ఆయన సంచిలోంచి సగం బీన్స్ తీసి మళ్లీ బండి మీద పోసేసింది.

"అదేంటమ్మా!"

"స్టెప్పులేవి సార్?"