గౌస్‌బీ ఇచ్చిన పేపరు ముక్క

ఆ పొద్దున అంగడి తెరిచేటప్పటికి ఈశ్వరప్ప దగ్గర ఉన్నవి రెండే: గోడల నిండా గాజులు, కడుపు నిండా భయం.

నీళ్ల కోసం లేచిన జనం మీద పోలీసులు కాల్పులు జరిపి ఆ రోజుకు ఏడాది. చనిపోయిన అయిదుగురిలో నలుగురి ఫోటోలకు సర్కిల్లో దండలు వేస్తున్నారు.

ఎదురుగా పోలీసు జీపు. దండ వేసినవాళ్ల పేర్లు రాసుకుంటున్నారు.

ఒక ముసలామె మెట్టెక్కింది. చంకలో ఫోటో.

"గౌస్‌బీ నా పేరు. గుంతకల్లు పక్క పల్లె. నా కొడుకు నబీ రసూల్ ఈ మెట్టు మీదనే పడినాడంట. ఫోటో కాసేపు ఈడ పెట్టుకుంటానప్పా."

ఈశ్వరప్ప జీపు వైపు ఒకసారి చూశాడు.

"సర్కిల్లో పెట్టుకోపో అవ్వా."

"ఆడ పెట్టనీలే. నా కొడుకు రౌడీ అంట. కడ్డీతో నీ అంగడి మీదికొచ్చినాడని నువ్వే చెప్పినావంట."

"చూసిందే చెప్పినా. లోపల నేనూ, బేరానికొచ్చిన అయిదుమంది ఆడోళ్లూ ఉండాం. బయట తుపాకులు. వాడు కడ్డీ ఎత్తినాడు. నేను కండ్లు మూసుకున్యా. దేవుని దయ, షట్టరు దానంతటదే పడింది."

"గొర్రెలకు మందు కొనను వచ్చినోనికి కడ్డీ యాడిదప్పా? పొరపాటు పడినానని ఒక్క మాట చెప్పు. ఆ పేరు పోతే చాలు."

జీపులోంచి కానిస్టేబులు ఇటే చూశాడు.

"మాట మారిస్తే నన్ను లోపలేస్తారు. పో అవ్వా, నీ కాళ్లు మొక్కుతా."

"మొక్కొద్దులే. ఇదన్నా చూడు."

పాత పేపరు ముక్క ఒకటి బల్ల మీద పెట్టి ఆమె దిగిపోయింది.

అది కానిస్టేబులు కంట పడకూడదు. చించెయ్యబోయి ఈశ్వరప్ప ఒకసారి విప్పాడు. కాల్పుల మరునాడు పేపర్లో పడిన బొమ్మ అది; ఏడాదిగా దాన్ని చూసే ధైర్యం అతనికి చాలలేదు.

మూసిన షట్టరు కింద ఒకడు పక్కకు ఒరిగి ఉన్నాడు. పిడికిట్లో కడ్డీ.

కడ్డీ చివర కొక్కెం. కొక్కెం కింద పసుపుగుడ్డ.

ఆయుధపూజ నాడు ఈశ్వరప్ప తన చేత్తో కట్టిన గుడ్డ. షట్టరు దించే కడ్డీ అది, మెట్టు పక్కన మేకుకు వేలాడేది. కాల్పుల మరునాడు కనిపించకపోతే, అల్లరిమూక ఎత్తుకుపోయిందని కొత్తది కొన్నాడు.

జీపు సంగతి మరిచి వీధిలోకి ఉరికాడు.

"తిప్పేషూ, ఆ అవ్వ యాడ?"

"గుంతకల్లు బస్సెక్కి పోయె కదన్నా," అన్నాడు పక్కంగడి టీకొట్టు తిప్పేష్.

ఆ రోజు ఆ అంగట్లో దక్కినవి ఆరు ప్రాణాలు. షట్టరు దించి వాటిని దక్కించి, తాను బయటే మిగిలిపోయినవాడు నబీ రసూల్.