టల్లక్ దొర పాతించిన కొయ్యలు

ఆంబ్రోస్ టల్లక్ దొర కొలత గొలుసుతో మళ్లీ కొండెక్కాడు.

వెంట సర్వేయరు పెనాక్. వాళ్లేం చేస్తున్నారో చూసి రమ్మని కింద చెరకుతోటవాళ్లు పంపిన మేస్త్రీ కూడా వెనకే ఉన్నాడు.

ఫిబ్బా నడుం మీద చేతులేసుకుని అడ్డం నిలబడింది. బానిసతనం పోయిన ఏడు నుంచి ఆ ముక్క ఆమె సాగులోనే ఉంది. తల్లి సమాధి అక్కడే. ముగ్గురు పిల్లల బొడ్డుతాళ్లు పాతి, పైన నాటిన కొబ్బరిచెట్లూ అక్కడే. కాగితం ఒక్కటే లేదు. కొండంతా టల్లక్ పేరునే ఉంది.

"ఎందుకు కొలుస్తున్నారు దొరా?"

టల్లక్ మేస్త్రీ వైపు ఓసారి చూశాడు.

"కొలవనివ్వు."

"కొలిచి మమ్మల్ని దింపేస్తారా?"

"కొయ్యలు మాత్రం పీకకండి."

"మాట్లాడితే ముత్యాలు రాలిపోతాయా దొరా? సభలో కూడా ఇంతేనా?"

చుట్టూ చేరిన కొండవాళ్లందరూ నవ్వారు. నిజమే మరి. స్పానిష్ టౌన్‌లో, జమైకా శాసనసభలో ఆరేళ్లు కూర్చుని ఆయన నోరు విప్పింది రెండేసార్లు. ఒకసారి వంతెన కోసం, ఒకసారి కిటికీ మూయమని.

ఆయన గుర్రం మలుపు తిరిగిందో లేదో, కొయ్యలన్నీ పీకేశారు. ఫిబ్బా వాటిని పెండలం తీగలకు ఊతంగా పాతుకుంది.

"గట్టి కర్రలే పంపాడు," అంది పక్కింటి కజోతో.

"నాకింకో నాలుగు తక్కువయ్యాయి. మళ్లీ రమ్మను."

మళ్లీ వచ్చాడు. మూడోసారి వచ్చేటప్పటికి జ్వరంతో జీను మీద నిలవలేకపోతున్నాడు. అయినా ప్రతి కొయ్యా దగ్గరుండి కొట్టించాడు. అవీ పీకేశారు. మా కొండవాళ్ల మొండితనం అలాంటిది, ఏం చెప్పను.

పది రోజులకు టల్లక్ పోయాడు. సమాధి దగ్గరికి కొండ నుంచి ఒక్కరూ వెళ్లలేదు.

మరునెల పెనాక్ ఒక్కడే వచ్చాడు. టల్లక్ మేనల్లుడు కొండను చెరకుతోటకు అమ్మేశాడట. కోతల్లోపు అందరూ ఖాళీ చేయాలట.

"చచ్చి కూడా మమ్మల్ని వదల్లేదు పాపిష్టివాడు," అంది ఫిబ్బా.

"నోరు ముయ్యి మిస్ ఫిబ్బా," అన్నాడు పెనాక్. "హద్దుకొయ్యలు మేజిస్ట్రేటు కళ్లారా చూస్తేనే పట్టా మీద ముద్ర పడుతుంది. మూడుసార్లు ఆయన్ని తీసుకొచ్చాను. ఒక్క కొయ్యా లేదు."

"ఎవరికి పట్టా?"

"మీ చేతికి భూమొస్తే తమకు చెరకు కొట్టేవాళ్లు ఉండరని తోటవాళ్ల భయం. ముందే తెలిస్తే కోర్టుకెళ్లి ఆపేస్తారు. అందుకే టల్లక్ దొర ఎవరికీ చెప్పలేదు, నన్నూ చెప్పనివ్వలేదు."

చంకలోని పట్టా నకలు తీసి నేల మీద పరిచాడు. ఫిబ్బాకు చదువు రాదు.

నలభై ముక్కలకూ నలభై పేర్లు వేలు పెట్టి చదివాడు పెనాక్. మొదటిది ఫిబ్బాది, రెండోది కజోది; టల్లక్ అన్న పేరు ఎక్కడా లేదు.