చుట్టూ రంగూనే

పలాస స్టేషను పక్క ఖాళీ జాగాలో గుండ్రటి గుడారం లేచిందని వినగానే, తన కొడుకు దొరికితే అందులోనే దొరకాలని బొడ్డమ్మ తేల్చేసింది.

బొడ్డమ్మది ఆ దగ్గర్లోనే సుమ్మాదేవి అనే ఊరు. ఆవిడ నోటికి ఊరంతా జడుస్తుంది. వీధిలో అడుగు చప్పుడైతే చాలు, అరుగు మీద కొబ్బరి తాడు పేనుతూనే, వచ్చేవాణ్ణి పేరు పెట్టి మరీ తిడుతుంది.

కొడుకు బంగారయ్య పెళ్లయిన ఏడాదే రంగూన్ మిల్లుల్లో పనికని ఓడెక్కాడు. ఆ తరవాత కబురూ లేదు, కాకరకాయా లేదు. కోడలు ఎర్రమ్మ అత్త దగ్గరే ఉండిపోయి, పీచు దంచి ఇద్దరి కడుపులూ నింపుతోంది.

కవిటి ఊరి కూర్మారావుకి భార్య పోయింది. ఎర్రమ్మని మారుమనువు చేసుకుంటానని కబురు పెట్టాడు. ఎర్రమ్మకీ ఇష్టమే. అడ్డమల్లా కులపెద్ద నారాయణరావు.

"మొగుడు బతికున్నాడో సచ్చినాడో తెలకుండా మనువేటి? ఆడక్కడ ఇంకోదాన్ని కట్టుకున్నాడని కళ్లారా సూసినోలు సెప్పాల" అని ఆయన మీసం దువ్వాడు.

రంగూన్ వెళ్లొచ్చిన వాళ్లని అడిగితే, అంత పట్నంలో ఎవడెక్కడని చూస్తామన్నారు. ఈ మాఘం దాటితే తమ్ముడికి వేరే సంబంధం చూస్తానని కూర్మారావు అన్న తెగేసి చెప్పాడు. ఎర్రమ్మ తిండి మానేసింది.

సరిగ్గా అప్పుడే గుడారం దిగింది. ముందొక్క తెర కాదు, చుట్టూ తెరే. ఏ పక్కకి తిరిగినా కదిలే బొమ్మే. మధ్యలో కూర్చుంటే రంగూన్ రేవులో దిగినట్టే ఉంటుందని బొమ్మలాయన ఊరూరా డప్పు వేయించాడు. ప్యారిస్ ఎగ్జిబిషన్‌లో దొరలు ఇలాంటిదే గుండ్రటి ఇంట్లో మొదలుపెట్టి, యంత్రాల వేడికి హడలి మూసేసుకున్నారట. దొరలవల్ల కానిది తనవల్ల అయిందని ఆయన గొప్ప.

బొడ్డమ్మ కోడలి భుజం పట్టుకుని నారాయణరావు ఇంటికి వెళ్లింది.

"బాబూ, నువ్వూ రా. పదిమందినీ తోలుకురా. రంగూనంతా ఆ గుడ్డల మీదే ఉందట. నా కొడుకుంటే నాకు అవుపడక ఎక్కడికి పోతాడు?"

"ఇన్నేళ్లయిపోనాది. ఆనవాలు పట్టగలవేటి?"

"కన్నదాన్ని, పట్టలేనేటి? నీ మొకమే మర్సిపోదారంటే నావల్ల కాకుండా ఉంది."

అరుగు మీదున్నవాళ్లు కిసుక్కున నవ్వారు. నారాయణరావుకి బండి కట్టించక తప్పలేదు.

గుడారం లోపల ఒకటే ఉక్క. మధ్యలో చెక్కబల్లల తిన్నె, దాని కింద యంత్రాలు. బల్లల సందుల్లోంచి వేడి కొట్టి అరికాళ్లు చురుక్కుమంటున్నాయి. గరగరమని చప్పుడు మొదలవగానే జనం "ఓలమ్మో" అన్నారు. ఓడ మీదికొచ్చేస్తోందని ఎవడో వెనక్కి గెంతి బొడ్డమ్మ ఒళ్లో పడ్డాడు. "లెగరా, దున్నపోతా" అని ఆవిడ వాణ్ణి మోచేత్తో నెట్టింది.

ఎటు తిరగాలో ఎవరికీ తెలియడం లేదు. ఇటు చూస్తే అటు పోతోంది. నారాయణరావు బొంగరంలా తిరుగుతుంటే ఆయన తలపాగా కొస మాటిమాటికీ బొడ్డమ్మ చెంపకి తగులుతోంది.

"అల్లదే గోపురం!"

"ఈపక్క రేవు! అబ్బో, ఎంతమంది కూలోలో!"

"ఆడోలు సూడండ్రా, సుట్టలు కాల్సుకుంటన్నారు!"

బొడ్డమ్మ దిగ్గున లేచి నిలబడింది. చెయ్యి చాచింది.

"అల్లడుగో నా బంగారి! ఓరి సచ్చినోడా! పక్కన అదెవత్తెరా? సంకలో గుంటడు కూడానా!"

"ఎక్కడ? ఎక్కడ?" అంటూ తిన్నె మీద తొక్కిసలాట.

"ఆ సుట్ట కాల్సేదాని పక్కన! సూడు బాబూ, బేగి సూడు... ఎల్లిపోతన్నాడు... అయ్యో, ఎల్లిపోనాడు."

నారాయణరావు గొంతు సవరించుకున్నాడు. చూడలేదంటే పెద్దరికం ఏం కావాలి?

"సూసినాను. అచ్చం తండ్రి నడకే" అన్నాడు చివరికి.

ఆయన చూశాక మిగతావాళ్లూ చూశారు. పిల్లాడి ముక్కు బంగారయ్యదేనని ఒకడు ఒట్టేశాడు కూడా.

గుడారం బయటే తీర్పు అయిపోయింది. ఎర్రమ్మకి విడుదల, మాఘంలో మనువు. బొడ్డమ్మ గుప్పెడు మట్టి గాల్లోకి ఎగజల్లి కొడుకుని శాపనార్థాలు పెట్టింది. ఆ తిట్లకి బొమ్మలాయన టిక్కెట్టు పెట్టి ఉంటే బోలెడు వసూలయ్యేది.

బండి దిగి ఇంటికి నడుస్తుంటే ఎర్రమ్మ వెక్కి వెక్కి ఏడ్చింది.

"నానెల్లిపోతే నీకు గంజెవలు పోత్తారత్తా?"

"నోరుమూసుకుని నడువే. తాడు పేన్నానికి నాకు సేతుల్లేవేటి?" అంది బొడ్డమ్మ. కోడలి భుజం మీది చెయ్యి మాత్రం ఇంకాస్త గట్టిగా బిగించింది.

"అంతమందిలో అలగ అరిసినావు, బయమెయ్యలేదేటి?"

"ఒక్క తెరయితే దొరికిపోదును. సుట్టూ బొమ్మలేనన్నారు కదేటి, ఎటు సెయ్యి సాపినా రంగూనే."

కోడలికి తప్ప ఊళ్లో ఇంకో మనిషికి తెలియదు గానీ, బొడ్డమ్మకి రెండు కళ్లూ పూర్తిగా పోయి అప్పటికి ఏడాది దాటింది.